ఎస్పీ రోడ్డులో వేరుశనగ కోసం ఒక కంప్యూటర్

బెంగళూరు ఎస్పీ రోడ్డులో ఏ కంప్యూటర్ దుకాణం మెట్లెక్కినా మొదటి ప్రశ్న ఒకటే: "గేమింగా మేడం, వీడియో ఎడిటింగా?" రెండూ కాదంటే ఆఫీసు పనికేనని వాళ్లే తేల్చేసి చవక పెట్టె ఒకటి ముందు పెడతారు. పోయిన శ్రావణంలో ఒక శనివారం నేనూ మా తమ్ముడూ ఆ వీధిలో ఐదు దుకాణాలు తిరిగాం. మూడింటిలో రంగురంగుల దీపాలు వెలిగే పెట్టెలు చూపించారు. నాలుగో చోట, "దీని మీద ఏం చేస్తారు సార్?" అని అడిగితే అప్పటికే విసిగిపోయిన మా తమ్ముడు "వేరుశనగ" అన్నాడు. ఆ కుర్రవాడు మా ఇద్దరి మొహాలు ఒకసారి చూసి, వెనక్కి వెళ్లి ఫోను చూసుకుంటూ కూర్చున్నాడు.

ఐదో దుకాణం గురించే ఈ సమీక్ష. దాని పేరు రాయను. వాళ్లు ఒక మంచి పని చేశారు, ఒక పెద్ద తప్పు చేశారు, ఆ తప్పును తమ ఖర్చుతో దిద్దారు. పేరు రాస్తే చదివేవాళ్లు మధ్యలోది ఒక్కటే గుర్తుపెట్టుకుంటారని నా భయం.

ముందు మా అవసరం చెప్పాలి. లేకపోతే లక్షా డెబ్బై ఎనిమిది వేలు పోసి, ఒక్క దీపం కూడా వెలగని నల్ల పెట్టెను ఎందుకు కొన్నామో అర్థం కాదు. మాది అనంతపురం వైపు. నేను భూగర్భజలాల లెక్కలు వేస్తాను. తమ్ముడు వేరుశనగ జన్యువుల మీద పరిశోధన చేస్తాడు. "ఒకడు చెట్టును చూస్తాడు, ఒకతె చెట్టు కింది నీళ్లను చూస్తుంది, పొలానికి మాత్రం ఇద్దరూ రారు" అని మా అమ్మ అందరికీ చెబుతుంది.

వేరుశనగ జన్యుక్రమం దాదాపు 254 కోట్ల డీఎన్ఏ అక్షరాలు. మొత్తం క్రమం 2019లో ప్రచురితమైంది. మనిషిది 310 కోట్ల చిల్లర కాబట్టి ఈ విషయంలో పల్లీ మనకంటే మరీ తీసిపోయినదేమీ కాదు. పైగా దానిలో ఒక చిక్కు ఉంది. కొన్ని వేల ఏళ్ల కిందట దక్షిణ అమెరికాలో రెండు అడవి జాతులు కలిసి పుట్టిన పంట అది. ఆ రెండింటి క్రోమోజోములూ, మొత్తం నలభై, ఇప్పటికీ దానిలో పక్కపక్కనే ఉన్నాయి, అక్కచెల్లెళ్లంత పోలికతో. జన్యుక్రమం చదివే యంత్రమేమో నూట యాభై అక్షరాల చిన్న చిన్న ముక్కలు ఇస్తుంది. మా తమ్ముడు తీసుకునే లెక్కలో ఒక్కో రకానికి పాతిక కోట్ల ముక్కలు. ఒకే కథను ఇద్దరు లేఖకులు రాసిన రెండు తాళపత్ర ప్రతులను చించి ఒకే గంపలో పోసి, ఏ ముక్క ఎవరి ప్రతిలోదో, ఏ పుటలోదో చెప్పమన్నట్టు ఉంటుంది వాడి ఉద్యోగం. బీడబ్ల్యూఏ అనే ప్రోగ్రాం ఈ వెతుకులాట చేస్తుంది. 2009లో వచ్చింది. దాని గుండెకాయ మాత్రం, ఫైళ్లను కుదించడానికి బరోస్, వీలర్ అనే ఇద్దరు 1994లో ప్రకటించిన ఒక మెలిక. ఈ ప్రోగ్రాంకు ఎన్ని కోర్లు, అంటే ప్రాసెసర్‌లో పని చేసే చేతులు, ఇస్తే అన్నీ తింటుంది. ఆ తర్వాత ముక్కలను వరసలో పేర్చడానికీ, కొత్త రకానికి క్రమం మొదటినుంచి కూర్చడానికీ ర్యామ్, అంటే నడుస్తున్న లెక్కను పరుచుకునే చోటు, ఎంత ఉన్నా చాలదు.

నాది మాడ్‌ఫ్లో. అమెరికా భూగర్భ సర్వే సంస్థ 1984లో మొదట విడుదల చేసిన భూగర్భజల నమూనా. నలభై ఏళ్లు దాటినా మా వృత్తిలో దాని పేరు వినని రోజు ఉండదు. నేలను గదులుగా కోసి పెట్టుకుంటాం. చిత్రావతి పరీవాహకంలో ఒక భాగానికి నేను కట్టిన నమూనాలో గది పక్క 200 మీటర్లు, పొరలు మూడు, మొత్తం గదులు రెండున్నర లక్షలు. ప్రతి గదీ చుట్టూ ఉన్న నలుగురితో, పైన ఒకరితో, కింద ఒకరితో నీళ్ల లెక్క సరిచూసుకుంటుంది. అది తేలాక మరుసటి నెల. అలా పదేళ్లు, నూట ఇరవై మెట్లు. ఒకసారి నడవడానికి ఏడు నిమిషాలు, అదీ ఒక్క కోరు మీద. ఇంతే అయితే ఏ ల్యాప్‌టాప్ అయినా చాలును. కానీ మా సీమ గ్రానైట్ పగుళ్లలో నీళ్లు ఎంత జోరుగా కదులుతాయో ఎవరూ కొలిచి చేతికివ్వరు. బోరుబావుల్లో కొలిచిన మట్టాలతో లెక్క సరిపోయేదాకా ఆ విలువలను మార్చి మార్చి నడుపుతూ ఉండాలి. పెస్ట్ అనే మరో ప్రోగ్రాం ఆ పని మీద కూర్చుంటుంది. పేరుకు తగ్గట్టే పీడిస్తుంది. ఒక విడతకు ఆరు వందల సార్లు.

సంస్థల్లో పెద్ద కంప్యూటర్లు లేవా అని అడుగుతారు. ఉన్నాయి, వాటి ముందు వరసలూ ఉన్నాయి. బెంగళూరు ఐఐఎస్సీలో 2022లో వచ్చిన పరమ్ ప్రవేగ అనే సూపర్ కంప్యూటర్ సామర్థ్యం 3.3 పెటాఫ్లాపులు, అంటే సెకనుకు 3,300 లక్షల కోట్ల లెక్కలు. దాని మీద నా ఏడు నిమిషాల లెక్కకు చోటు అడగడమంటే పెళ్లి వంటల గాడిపొయ్యి మీద ఒక కప్పు టీ కాచుకుంటామనడమే. అద్దె కంప్యూటర్ల ధరలూ చూశాం. లెక్కకు అద్దె పరవాలేదు. ఫైళ్లు దాచినందుకు నెలనెలా, వాటిని తిరిగి దించుకున్నందుకు మళ్లీ కట్టాలనేసరికి మా తమ్ముడు పెన్ను మూసేశాడు. సొంత పెట్టె కొనాలని, పగలు నాది, రాత్రి వాడిది అని ఒప్పందం చేసుకున్నాం.

ఇక దుకాణం. మొదటి అంతస్తు. మెట్లు ఎంత ఇరుకంటే పైనుంచి ఒకరు దిగుతుంటే కింద ఒకరు ఆగాలి. లోపల ముగ్గురు నిలబడితే నాలుగోవాళ్లు గుమ్మంలో. యజమాని యాభై దాటిన మనిషి, గౌరీబిదనూరు వాసి. ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడ. మేమిద్దరం తెలుగులో గొణుక్కుంటుంటే విని, "అనంతపురమా అమ్మా?" అని మొదలుపెట్టారు. మా ఊరి రైలు గౌరీబిదనూరు మీదుగానే వెళుతుంది కాబట్టి చుట్టరికం వెంటనే కలిసింది. అక్కడి భూకంప నమోదు కేంద్రం సంగతి నేను ఎత్తాను. బ్రిటన్ సహకారంతో మన అణుశక్తి విభాగం వాళ్లు 1965లో మొదలుపెట్టారు, ఎక్కడో భూమి కింద అణుపరీక్ష జరిగితే ఆ అదురు వినడానికి. అదే ఏడాది కూలీ, టూకీ అనే ఇద్దరు అమెరికన్లు తరంగాలను విడగొట్టే లెక్కను వందల రెట్లు తొందరగా చేసే పద్ధతి అచ్చువేశారు. దాని వెనకా ఇదే అవసరం ఉంది, సోవియట్ పరీక్షలను అదురును బట్టి పట్టుకోవడం. ఇప్పుడు ఫోనులో పాట వినాలన్నా ఆ కుటుంబపు లెక్కే. యజమాని ఇదంతా ఓపికగా విని, "చిన్నప్పుడు ఆ కంచె దాటి మేకల్ని తోలితే తరిమేవాళ్లు" అన్నారు.

మాకు ఆయన మీద గురి కుదిరింది ఆ తర్వాత. "కోర్లు ఎన్ని కావాలి" అని అడగలేదు. "పాత ల్యాప్‌టాప్ తెచ్చారా? మీ పని నడిపి చూపించండి" అన్నారు. తమ్ముడు చిన్న నమూనా ఫైలు నడిపాడు. ఆయన కళ్లజోడు పెట్టుకుని, ప్రాసెసర్ ఎంత నిండుతోంది, ర్యామ్ ఎంత నిండుతోంది, డిస్కు ఎంత ఆపుతోంది అని పావుగంట చూస్తూ కూర్చున్నారు. మధ్యలో ఒక కొనుగోలుదారు వస్తే ఆగమన్నారు. తర్వాత నాది నడిపించారు. జన్యువంటే ఏమిటో, జలమట్టమంటే ఏమిటో ఆయన అడగలేదు. పని ఎక్కడ ఇరుక్కుంటోందో చూశారు, అంతే. ఇరవై ఏళ్లలో నాకు కంప్యూటర్ అమ్మిన ఎవరూ ఆ మాత్రం చూడలేదు.

చూసి ఇలా చెప్పారు. "తమ్ముడిది చోటు చాలని పని. మీది చోటు చాలుతుంది, అంకెలు ర్యామ్ నుంచి ప్రాసెసర్‌కు వచ్చే దారి చాలదు. ఈ రైజెన్ 9 9950ఎక్స్‌లో పదహారు కోర్లున్నాయి, ఇద్దరికీ సరిపోతాయి. గొడవంతా ర్యామ్ దగ్గరే. 48 జీబీ స్టిక్కులు రెండు పెడితే 96 అవుతుంది, 5600 వేగంతో నడుస్తుంది. 32వి నాలుగు పెడితే 128 అవుతుంది, వేగం 3600కు పడిపోతుంది. ఇది నా మాట కాదమ్మా." ఫోనులో ప్రాసెసర్ తయారీదారు పట్టిక తీసి చూపించారు. నాలుగు స్టిక్కులకు 3600 అని అక్కడ రాసే ఉంది. "మీ ఇద్దరిలో ఒకరు సర్దుకోవాలి."

అక్క అన్నాక సర్దుకోక తప్పుతుందా. 128 తీసుకున్నాం. 64 జీబీ స్టిక్కులు రెండు పెడితే ఇద్దరి గొడవా తీరేది. కానీ అవి అప్పుడు మా అంచనాకు అందలేదు. "ఆరు నెలలు ఆగండి, దిగివస్తాయి" అని ధైర్యం చెప్పారు. ఈ ఒక్క జోస్యం మాత్రం ఘోరంగా తప్పింది. ఏడాది చివరికి ర్యామ్ ధరలు ఎలా ఎగబాకాయో ఈ మధ్య కొన్నవారిని అడగండి.

గ్రాఫిక్స్ కార్డు అంటగడతారని ఎదురుచూశాను. కట్టలేదు. మా ఇద్దరి ప్రోగ్రాములూ దాన్ని ముట్టుకోవని పావుగంటలోనే గమనించారు కాబట్టి, ప్రాసెసర్‌లో ఉన్న చిన్నదే చాలన్నారు. జన్యుభేదాలను డీప్‌వేరియంట్ అనే ప్రోగ్రాంతో పట్టేవాళ్లకు, భూకంప తరంగాలను నాడీజాలాలతో (న్యూరల్ నెట్‌వర్క్‌లతో) ఏరేవాళ్లకు కార్డు బాగా పనికొస్తుంది, వాళ్లు నా మాట పట్టుకుని వదిలేయకండి. ప్రాసెసర్ 54 వేలు, ర్యామ్ 38 వేలు. మిగతాది బోర్డు, రెండు టీబీల ఎస్‌ఎస్‌డీలు రెండు, ఎనిమిది టీబీల హార్డ్ డిస్కు, పవర్ సప్లై, కూలర్, పెట్టె. బిగింపు కూలి తీసుకోలేదు. జీఎస్టీ బిల్లు అడగకుండానే ఇచ్చారు.

బిగించింది ఇరవై ఏళ్ల కుర్రవాడు. పక్కన స్టూలు వేసుకుని మొత్తం చూశాను. ప్రాసెసర్ మీద శనగ గింజంత పేస్టు పెట్టాడు, పులమకుండా కూలరును నిటారుగా దించి అదే పరుచుకునేలా నొక్కాడు. మరలను ఒకదాని ఎదురుగా ఉన్నది ఒకటి, కొంచెం కొంచెంగా బిగించాడు. ర్యామ్ స్టిక్కులు నాలుగూ టిక్కు టిక్కుమంటూ కూర్చున్నాయి. తీగలను బోర్డు వెనక నుంచి లాగి, జడ వేసినంత ఒద్దికగా కట్టాడు. చివరన పెట్టెకు కుంకుమ బొట్టు పెట్టి, "శ్రావణ మాసం కదా అక్కా" అన్నాడు. నాకు చాలా ముచ్చటేసింది. అప్పటికి అతను ఇంకో పని కూడా చేసేసి ఉన్నాడని నాకు తెలియదు.

మొదటి రెండు వారాలు ఇంట్లో పండుగే. పాత ల్యాప్‌టాప్‌లో ఒకటిన్నర రోజు పట్టే రకం ఇక్కడ మూడు గంటల లోపే అయిపోతోంది. తమ్ముడు రాత్రికి రెండు మూడు చొప్పున తొమ్మిది రాత్రుల్లో ఇరవై నాలుగు రకాలు ముగించి, మా అమ్మకు ఫోను చేసి మరీ చెప్పాడు.

మూడో వారంలో నాకు ఒక అంకె నచ్చలేదు. మాడ్‌ఫ్లో నడిచాక చివరి పుటలో నీటి జమాఖర్చు వేస్తుంది: లోపలికి వచ్చింది ఇంత, బయటికి పోయింది ఇంత, తేడా ఇంత శాతం. ఉదయం నడిపినప్పుడు ఆ తేడా 0.02 అని వచ్చింది. మధ్యాహ్నం పటం గీయడానికి అదే నమూనాను, ఏదీ మార్చకుండా, మళ్లీ నడిపితే 0.03. పుట్టపర్తి దగ్గరి ఒక గదిలో నీటిమట్టం నాలుగు సెంటీమీటర్లు మారింది. నాలుగు సెంటీమీటర్లంటే బోరుబావిలో తాడు తడిసిన కొలతలోనే పోయే తేడా. ఎవరూ పట్టించుకోరు. కానీ ఇది తాడు కాదు. అదే ప్రోగ్రాం, అదే ఇన్‌పుట్, అదే యంత్రం, ఒక్క కోరు. వంద సార్లు నడిపినా చివరి అంకె దాకా ఒకటే రావాలి. తమ్ముడితో అంటే, "అక్కా, నీ ఫైలు ఏదో మారి ఉంటుంది, చూసుకో" అన్నాడు. చూసుకున్నాను. రెండు రోజులు నన్ను నేనే అనుమానించుకున్నాను.

మూడో రాత్రి వాడి వంతు వచ్చింది. ముక్కలను వరసలో పేర్చే ప్రోగ్రాం, ఫైలు చెడిపోయిందంటూ మధ్యలో ఆగిపోయింది. వాడు ఆ నలభై జీబీల ఫైలుకు ఎండీ5 వేశాడు. ఎండీ5 అంటే ఫైలు వేలిముద్ర అనుకోండి. లోపల ఒక్క అక్షరం మారినా ముద్ర మొత్తం మారిపోతుంది. మారకపోతే ఎన్నిసార్లు వేసినా అదే రావాలి. మొదటిసారి 9తో మొదలైంది. నమ్మకం కుదరక మళ్లీ వేశాడు, 4తో మొదలైంది. నన్ను నిద్ర లేపి నా ఎదురుగా మూడోసారి వేశాడు, సున్నాతో మొదలైంది. రాత్రి రెండున్నరకు ఇద్దరం ఆ మూడు వరసలనూ చూస్తూ కూర్చున్నాం. ఫైలు డిస్కు మీద కదలకుండా పడి ఉంది, దాన్ని చదివే దారిలో ఎవరో చేయి పెడుతున్నారు. "నీ నాలుగు సెంటీమీటర్లు నిజమే అక్కా" అన్నాడు వాడు. క్షమాపణ అంటే మా ఇంట్లో అంతకు మించి ఉండదు.

పొద్దున్నే దుకాణానికి ఫోను చేశాను. కుర్రవాడు ఎత్తాడు. "మేము రెండు గంటలు గేమ్ ఆడి చూసే ఇచ్చాం అక్కా, ఎక్కడా ఆగలేదు." ఆట ఆగకపోవచ్చు, లెక్క తప్పుతోంది అన్నాను. "వేడెక్కి ఉంటుంది, కిటికీ తెరవండి." తెరిచే ఉంది అన్నాను. "అయితే విండోస్ మళ్లీ వేయించండి." మా దానిలో విండోస్ లేదు, దాని బదులు ఉబుంటు ఉంది. ఆ మాటతో అతనికి దారి దొరికింది: "అదేనక్కా సమస్య!" ఫోను పెట్టేసి, ఎదురుగా ఉన్న గోడకు కాసేపు నా అభిప్రాయం చెప్పాను. ఆట ఆడేవాడికి తెరమీద ఒక చుక్క రంగు మారితే కనిపించదు. నాకు ఒక గదిలో ఒక బిట్టు, అంటే ఒక సున్నానో ఒకటో, మారితే, ఆ గది పక్కవాళ్లకు చెబుతుంది, వాళ్లు వాళ్ల పక్కవాళ్లకు చెబుతారు, చివరికి ఒక రైతుకు ఫలానా చోట బోరు వేయించుకోమని నేను చెబుతాను.

ఆ రాత్రి మెమ్‌టెస్ట్ పెట్టాం. ఊరికే దొరికే ప్రోగ్రాం. పెన్‌డ్రైవ్ నుంచి నడుస్తుంది, ర్యామ్‌లో ప్రతి చోటా ఒకటి రాసి తిరిగి చదివి, రాసిందే వచ్చిందా అని చూస్తుంది. రెండో గంటలో మొదటి ఎర్ర గీత పడింది. తెల్లవారేసరికి తెరంతా ఎరుపు. ఫోటో తీసి, పెట్టెను దుప్పటిలో చుట్టి, ఆటోలో ఒళ్లో పెట్టుకుని ఎస్పీ రోడ్డుకు వెళ్లాం.

యజమాని ఫోటో చూశారు, ఒక్క మాటా అనకుండా తెర తగిలించి బయోస్, అంటే యంత్రం లోపలి అమరికల పట్టిక, తెరిచారు. ర్యామ్ వేగం 5200 అని ఉంది. 3600 ఉండాల్సిన చోట. కుర్రవాణ్ని పిలిచారు. "ఎవరు పెట్టమన్నారు?" అతను నేల చూస్తూ చెప్పాడు: "స్టిక్కుల డబ్బా మీద 6000 అని ఉంది కదా సార్. తెరమీద 3600 కనిపిస్తే డబ్బులు తీసుకుని మోసం చేశారని కస్టమర్లు గొడవ పెడుతున్నారు. అందుకే కొంచెం పెంచి పెడుతున్నాను." అబద్ధం చెప్పలేదు. నిజానికి నాకు కోపం సగం అక్కడే తగ్గింది. అంకె పెద్దదిగా ఉంటే చాలనుకునే కొనుగోలుదారులు ఆ కుర్రవాడికి అలా నేర్పారు. మిగతా సగం తగ్గలేదు. ఎందుకంటే పెంచిన సంగతి చెప్పలేదు, పెంచాక ర్యామ్ పరీక్ష చేయలేదు.

వేగం 3600కు దించి, పెట్టెను అక్కడే ఉంచుకుని, రాత్రంతా మెమ్‌టెస్ట్ నడిపి, ఒక్క ఎర్ర గీతా లేని ఫోటో మాకు పంపి, మరుసటి సాయంత్రం తమ ఖర్చుతో ఇంటికి చేర్చారు. "బిగించాక నేను ఒకసారి చూడాల్సింది" అన్నారు యజమాని. తమ్ముడు తొమ్మిది రాత్రుల పనినీ పారేసి మళ్లీ మొదలుపెట్టాడు. ఆ నష్టానికి బిల్లు ఎవరికి పంపాలో మాకు తెలియలేదు.

పరిశోధన పని మీద వెళ్లేవాళ్లు ఈసీసీ ర్యామ్ గురించి మీరే అడగండి, ఆయన ఎత్తరు. ఒక బిట్టు తప్పితే తానే పట్టుకుని దిద్దుకునే రకం అది. ఈ ప్రాసెసర్ దాన్ని ఒప్పుకుంటుంది, బోర్డు కూడా ఒప్పుకునేది ఎంచుకోవాలి. వీధిలో సరుకు ఉండదు, తెప్పించుకోవాలి. ధరా ఎక్కువే. నేను అడగలేదు, అది నా తప్పు.

ఇప్పుడు ఎలా నడుస్తోందంటే, ఆయన చెప్పినట్టే. నా నమూనా కాపీలను ఒకేసారి పదహారు నడిపితే ఒక్కోటి పదహారు నిమిషాలు తీసుకుంటుంది. పది నడిపితే ఒక్కోటి పది నిమిషాలే. ఎలా చూసినా ఆరు వందలకు పది గంటలు. కోర్లు ఖాళీగానే ఉంటాయి, అంకెలు వచ్చే దారే ఇరుకు, ఆ దుకాణం మెట్ల లాగా. కాబట్టి పది నేను ఉంచుకుని, మిగిలిన ఆరు కోర్లు పగలు కూడా తమ్ముడికి వదిలేశాను. వాడు మొదలుపెట్టగానే నా పదీ మందగిస్తాయి, అది వేరే పంచాయితీ.

నిండా పనిలో ఉన్నప్పుడు గోడ దగ్గర కొలిస్తే దాదాపు 290 వాట్లు లాగుతోంది. యూపీఎస్ తప్పనిసరి. మా పేటలో కరెంటు పోతే పది నిమిషాల్లో వస్తుంది, లేకపోతే సాయంత్రానికి వస్తుంది. ఫ్యాన్ల శబ్దం పక్క గదిలోకి వినపడదు. ఆ గదిలో మాత్రం బట్టలు తొందరగా ఆరుతాయి.

ఈ పెట్టె దగ్గర జరిగిన అన్నిటికంటే మంచి పనికి ఈ పెట్టె అవసరమే పడలేదు, అదొకటి చెప్పాలి. ఒక ఆదివారం వంటింట్లో నేను బోరు తవ్వకాల చిట్టాలు పరుచుకుని ఉన్నాను. ఒక బోరులో పైనుంచి మట్టి, మొరం, మెత్తబడిన రాయి, పగుళ్ల గ్రానైట్, గట్టి గ్రానైట్. అర కిలోమీటరు అవతల మట్టి, మెత్తబడిన రాయి, గట్టి గ్రానైట్, మళ్లీ పగుళ్లు. ఏ పొర ఏ పొరకు జత అని కళ్లతో చూసి గీతలు కలుపుతున్నాను. తమ్ముడు పల్లీలు నములుతూ వచ్చి, "ఇది నేను చేసేదే కదా" అన్నాడు. పొరకొక అక్షరం ఇచ్చి, రెండు బోర్లనూ రెండు డీఎన్ఏ వరసల్లాగా పక్కపక్కన పెట్టి, ఎక్కడ పొర లోపించిందో అక్కడ ఖాళీ వదిలి, మొత్తం మీద ఎక్కువ మార్కులు వచ్చే జతను స్మిత్, వాటర్‌మన్ పద్ధతిలో తీయించాడు. జన్యుశాస్త్రంలో ఆ పద్ధతి 1981 నాటిది, అందరికీ తెలుసు. నేను అనుమానంతో వెతికితే తేలిందేమిటంటే, ఆ స్మిత్, వాటర్‌మన్‌లే అంతకు ఒక ఏడాది ముందు, 1980లో, ఒక భూగర్భశాస్త్ర పత్రికలో రాతిపొరలను జతపరిచే పద్ధతి రాశారు. మా వాడు రెండు నిమిషాలు మాట్లాడలేదు. వాడి పునాది రాయి కింద మా రాయి ఉంది. ఇరవై ఆరు బోర్ల జతలూ కన్నుమూసి తెరిచేలోగా వచ్చాయి, పాత ల్యాప్‌టాప్ మీదే. నేను కళ్లతో కలిపిన గీతల్లో మూడు తప్పని తేలింది. ఒకదాని విషయంలో నేను ఇంకా ఒప్పుకోలేదు.

దుకాణానికి అయిదుకు నాలుగు ఇస్తాను. ఆ పావుగంట చూపుకు నాలుగున్నర ఇవ్వాలనిపిస్తుంది, రాత్రి రెండున్నరకు చూసిన ఆ మూడు వరసలు గుర్తొస్తే మూడు చాలనిపిస్తుంది. ఎస్పీ రోడ్డులో అలాంటి దుకాణాన్ని మీరే పట్టుకోవాలంటే, మీ పని ఉన్న ల్యాప్‌టాప్ వెంట తీసుకువెళ్లి, నడిపి చూస్తారా అని అడగండి. చూడనన్నవారి దగ్గర చలవ యంత్రం ఉన్నా, కాఫీ ఇచ్చినా బయటికి వచ్చేయండి. పెట్టె ఇంటికి తెచ్చుకునే ముందు ఒక రాత్రి మెమ్‌టెస్ట్ నడిపి ఆ తెర ఫోటో ఇవ్వమనండి. ఇప్పుడు మా దుకాణంలో అడగకుండానే ఇస్తున్నారు. బండి తీసుకువెళ్లకండి, నిలిపే చోటు లేదు. మెజెస్టిక్‌లో ఆకుపచ్చ లైను ఎక్కితే తర్వాతి స్టేషనే చిక్కపేట, అక్కడినుంచి నడక. ఒంటిగంట నుంచి రెండు దాకా యజమాని భోజనానికి వెళతారు. ఆ గంటలో మాత్రం వెళ్లకండి, కుర్రవాడు ఒక్కడే ఉంటాడు.